మన సీమ హాస్యగాడు

ఆదవానికి సమీపమున సంతెకూడ్లూరు అను గ్రామము కలదు. హోళీ పండుగకు ఆ ఊరిలో మగవారు చీరలు కట్టుకొందురు. చదువుకొను కుఱ్ఱవారును, మీసములు దువ్విన సంసారులును, మనుమలను ఎత్తిన పెద్దలును రవిక తొడిగి, నగలు పెట్టుకొని, తలలో పూలు ముడిచి, నైవేద్యము పట్టుకొని రతీమన్మథుల పూజకు నడచిపోవుదురు. కోరిక తీరవలెనని కొందఱు, తీరినదని కొందఱు ఈ మ్రొక్కు చెల్లించుకొందురు. మేము ఆ పండుగ చూచితిమి. కుచ్చెళ్లు సరిగా అమరక తొట్రుపడుచున్న ఒక తండ్రికి ఆయన కూతురే వంగి సర్దుచుండెను. ఆమె ముఖమున నవ్వు లేదు. ఆయన ముఖమున సిగ్గు లేదు.

ఆ సీమలోనే మఱియొక రాత్రి విరాటపర్వము ఆట చూచితిమి. కీచకుని చంపుటకు భీమసేనుడు చీర కట్టి, ముసుగు వేసికొని, నర్తనశాలలో కూర్చుండెను. ముసుగులోనుండి మీసము కనబడుచుండెను. కీచకుడు మెల్లగా దగ్గఱకు వచ్చి చేయి పట్టుకొన్నాడో లేదో, జనము పొట్టలు పట్టుకొని నవ్విరి. చీర ఒక్కటే. కట్టినది మగవాడే. ఒకచోట అది మ్రొక్కు. ఇంకొకచోట అది నవ్వు. మఱి నవ్వు చీరలో లేదు గదా! ఎక్కడ నున్నది?

ఈ ప్రశ్నకు శాస్త్రకారులు ఏనాడో సమాధానము వెదకిరి. భరతుని నాట్యశాస్త్రము హాస్యము మూడు విధముల పుట్టునని చెప్పును: అవయవముల వికారముచేత, వేషముచేత, మాటచేత. విదూషకుడు మఱుగుజ్జుగను, గూనివాడుగను, బట్టతలవాడుగను ఉండవలెనని కూడ చెప్పును. శాస్త్రమునకు నమస్కరించియే మాకు తోచిన మాట చెప్పెదము. దేహమును చూచి నవ్వుట అన్నిటికంటె తేలికైన నవ్వు. తేలికగా చల్లారిపోవు నవ్వును అదియే. చిన్ననాడు ఆదవానికి వచ్చిన సర్కసు డేరాలో పొట్టివారిని ఒకరిపైనొకరిని పడవేసి నవ్వించుట చూచితిమి. నవ్వితిమి కూడ. డేరా బయట వారిలో ఒకడు పెద్దవారివలె బీడీ కాల్చుకొనుచు, ఇంటికి జాబు వ్రాయించుకొనుచు కనబడినప్పుడు మా నవ్వు మాకే రుచింపలేదు. మేము ఈనాడు చెప్పదలచిన హాస్యగాడు వేఱు. వాని దేహము తోలుతో చేసినది. వాని పేరు కేతిగాడు.

కేతిగాని గుఱించి చెప్పుటకు ముందు, వాడు తిరిగిన సీమను గుఱించి రెండు మాటలు చెప్పవలెను. ఆదవాని, ఎమ్మిగనూరు ప్రాంతము 1953వ సంవత్సరము అక్టోబరు 1వ తేదీ వఱకు బళ్లారి జిల్లాలోనిది. ఆంధ్రరాష్ట్రము ఏర్పడిననాడు ఆదవాని, ఆలూరు, రాయదుర్గము తాలూకాలు ఇటు వచ్చినవి. బళ్లారి అటు మైసూరునకు పోయినది. గీత కాగితముమీద గీచిరి గాని, నాలుకమీద గీయలేకపోయిరి. ఆదవాని పత్తిబజారులో ఒక బస్తాకు తెలుగులో ధర చెప్పుదురు, కన్నడములో బేరమాడుదురు, ఉర్దూలో తగవు తీర్చుకొందురు. ఎమ్మిగనూరులో 1938లో మాచాని సోమప్పగారు నెలకొల్పిన చేనేత సహకార సంఘమువలన ఆ ఊరి నేత దేశమంతట పేరు పొందెను. ఆ మగ్గముల వీథులలో కూడ రెండు భాషల సామెతలు వినవచ్చును. ఇక తోలుబొమ్మలాట ఆడువారో, ఇంటిలో మరాఠీ సంబంధమైన మాట మాట్లాడుకొందురు. తెరవెనుకకు పోగానే తెలుగో కన్నడమో ఊరిని బట్టి పాడుదురు. ఇన్ని నాలుకలున్నచోట రాజులకు మంత్రులకు ఒక భాష సరిపోవును. హాస్యగానికి అన్నియు కావలెను.

తోలుబొమ్మలాట మనవారికి క్రొత్తది కాదు. పదుమూడవ శతాబ్దమునాటి పాల్కురికి సోమనాథుడు పండితారాధ్య చరిత్రములో దీనిని పేర్కొనెను. మేకతోలును, పూర్వము జింకతోలును పలుచగా గీకి, ఆరబెట్టి, రంగులు వేసి, నగలున్నచోట సన్నని రంధ్రములు పొడిచి బొమ్మలు చేయుదురు. వెనుకనుండి దీపము పడగా ఆ రంధ్రములే రవ్వలై మెఱయును. రాముడు, రావణుడు, భీముడు మొదలైన పెద్దబొమ్మలు నిలువెత్తు మనిషితో పోటీపడును. అవి గంభీరముగా నిలుచును, చేయి ఎత్తును, దించును. యుద్ధమైనప్పుడు తెరవెనుకవారు కాలిక్రింది చెక్కపలకలను దడదడ త్రొక్కుదురు. ఆమాత్రమే.

కేతిగాడు అట్లు కాదు. చిన్నబొమ్మ. మెడకు కీలు, నడుమునకు కీలు, మోకాళ్లకు కీలు. తల గిఱ్ఱున తిరుగును. రాముడు తెరమీదికి ప్రక్కనుండి మర్యాదగా వచ్చును. కేతిగాడు పైనుండి ఊడిపడును. లేదా క్రిందినుండి మొలచును. ఒక్కొక్కమాఱు తలక్రిందులుగానే వచ్చి, లోకమే తలక్రిందులైనదని తిట్టును. వాని వెనుక బంగారక్క చీపురు పట్టుకొని వచ్చును. వాడు తప్పు చేయును, ఆమె కొట్టును. వాడు పడును, లేచును, దెబ్బ తగిలినచోటు విడిచి వేఱొకచోట రుద్దుకొనును. జుట్టుపోలిగాడు ఇద్దఱికి నడుమ దూరి ఇద్దఱిచేతను తినును.

పిల్లలు దీనికే నవ్వుదురు. పెద్దలు నవ్వునది వాని మాటకు. తెరమీద అందఱు పాడుదురు, కేతిగాడు మాట్లాడును. రంగనాథ రామాయణము ద్విపద సాగుచుండగా, లంకలో హనుమంతుని తోకకు గుడ్డలు చుట్టుచుండగా, కేతిగాడు నడుమ దూరి, ఆ గుడ్డలు ఏ ఊరి నేతవి, గజము ఎంత, అప్పునకు ఇచ్చెదరా అని అడుగును. మా ప్రాంతమున ఈ మాటకు నేతగాండ్రు పడిపడి నవ్వుదురు. లంక ఒక్కసారి ఎమ్మిగనూరు అగును. వాడు మరల అదృశ్యమగును. లంక మరల లంక యగును. కథలో ఎవరికిని వాడు కనబడడు, కాని వానికి అందఱు కనబడుదురు. రావణునితో మాట్లాడగలడు, ముందువరుసలోని గ్రామపెద్దతోను మాట్లాడగలడు. ఈ స్వేచ్ఛ రామునికి లేదు.

వానలు పడని ఏట విరాటపర్వము చదివించిన, ఆడించిన వాన వచ్చునని మనవారి నమ్మకము. మా పడమటి తాలూకాలలో వాన పడని ఏండ్లకు కొదువ లేదు గనుక విరాటపర్వమునకును కొదువ లేకుండెను. ఆ ఆటలో ఒక జట్టువారి కేతిగాడు ఆకాశమువంక చూచి పలికిన మాట నేటికిని మా చెవులలో నున్నది. "ఆదోనిలో పత్తికి రేటు లేదు. ఎమ్మిగనూరులో మగ్గానికి నూలు లేదు. నా నెత్తిన ఎంట్రుక లేదు. నీ కాడ వాన లేదంటే నేనేం అనుకోను సామీ, ఉన్నోళ్లు ఎవరో ఒకరి పేరు చెప్పు, ఆయప్పనే అడుక్కుంటాము!" జనము నవ్విరి. ఆ ఏడు పంట పోగొట్టుకొన్నవారే ఎక్కువగా నవ్విరి. భక్తితో మ్రొక్కిన గొంతును, దేవునితో తగవులాడిన గొంతును ఒకే తెరవెనుకనుండి వచ్చినవి. రెండును ఒకే మనిషివి.

ఉత్తరకుమారుడు అంతఃపురములో కౌరవులను చీల్చి చెండాడెదనని ప్రగల్భములు పలుకు ఘట్టము మఱి కేతిగానికి పండుగే. "ఏమప్పా కుమారా, భీష్మున్ని కొడతావా? మొన్న బావికాడ కుక్క మొరిగితే మా ఇంట్లో దూరి తలుపేసుకొంటివే, ఆ తలుపు గడియ ఇంకా ఊడే ఉండాది!" అని వాడనును. ఇంతలో బంగారక్క వచ్చి కన్నడములో తిట్లు లంకించుకొనును. కోపము వచ్చినప్పుడు ఆమెకు కన్నడమే వచ్చును. వాడు అమీనువలె మెడ నిక్కించి ఉర్దూలో జవాబిచ్చును. మూడు భాషలు అర్థమైన ఊరిలో ఆ కలహము ఎంత రుచించునో ఊహించుకొనుడు. ఒక్క భాషయే తెలిసిన పట్టణమువారు అదే ఆట చూచి, ఇందులో నవ్వుటకేమున్నదని మమ్మడిగిరి. మేము వివరించుటకు ప్రయత్నించి భంగపడితిమి.

హాస్యగాని పని నవ్వించుట ఒక్కటియే అనుకొనరాదు. తెరవెనుక నలుగురైదుగురు కుటుంబమువారే ఉందురు. మగవారు, ఆడువారు కలిసి పాడుదురు, బొమ్మలాడింతురు, హార్మోనియము, మద్దెల, తాళములు వాయింతురు. ఒక ఘట్టము ముగిసి ఇంకొకటి ఆరంభమగులోపల పెద్దబొమ్మలను విప్పి, క్రొత్తవి తెరకు అమర్చవలెను. దీపము సవరించుకొనవలెను, పూర్వము ఆముదపు దీపము, తరువాత పెట్రోమాక్సు, ఆ తరువాత కరెంటు బల్బు. గొంతు తడుపుకొనవలెను. ఆ సమయమంతయు కేతిగాడే కాపాడును. ఏడ్చు పిల్లను పేరు పెట్టి పిలిచి ఊరుకోబెట్టును. నిద్రపోవువానిని లేపును. చదివింపులు తెచ్చినవారిని పొగడును, తేనివారిని మఱింత పొగడును. ఏ ఊరికి పోయినను సాయంకాలమే ఆ జట్టు పెద్ద ఊరంతయు ఒకమాఱు తిరిగి వచ్చును. ఎవరి ఎద్దు తప్పిపోయినది, ఎవరి అల్లుడు అలిగిపోయినాడు, ఏ అంగడిలో తూకము తక్కువ అని తెలిసికొని వచ్చును. రాత్రి అదంతయు కేతిగాని నోట వచ్చును. చెప్పినది మనిషి కాదు, తోలుబొమ్మ. కావున తగవు పెట్టుకొనుటకు వీలు లేదు.

సరిహద్దు దాటి కన్నడదేశమునకు పోయినచో ఈ కేతిగాడే కిళ్ళేక్యాత అగును. బంగారక్క అక్కడను బంగారక్కయే. ఆ బొమ్మలాడించు కులమువారిని కూడ కిళ్ళేక్యాతలనియే పిలుతురు. 1909లో థర్‌స్టను దొర ప్రకటించిన దక్షిణదేశ కులముల గ్రంథములోను వీరి పేరు అట్లే కలదు. విచారించినచో ఇది వింత. రాముని ఆడించువారిని రామునివారు అనలేదు. హాస్యగాని పేరే వారికి ఇంటిపేరైనది. 2025లో పద్మశ్రీ పొందిన కొప్పళ జిల్లా వృద్ధురాలు భీమవ్వ దొడ్డబాళప్ప శిళ్ళేక్యాతర గారి పేరులో సైతము ఆ అల్లరిబొమ్మ పేరే కూర్చుండియున్నది. మనవైపు ధర్మవరము దగ్గఱ నిమ్మలకుంటకు చెందిన దళవాయి చలపతిరావుగారికి 2020లో పద్మశ్రీ వచ్చినది. రాష్ట్రపతి భవనమున కేతిగాని పేరు ఎవరైన తలచిరో లేదో గాని, వాడు మాత్రము ఏదో ఒక వ్యాఖ్య చేసియే ఉండును.

లోకములో వీనికి బంధువులు చాలమంది కలరు. సంస్కృత నాటకములోని విదూషకుడు పెద్దన్న. శూద్రకుని మైత్రేయుడు చారుదత్తుడు దరిద్రుడైనను విడువని స్నేహితుడు. శాకుంతలములోని మాధవ్యుడు రాజు వేటాడుచుండగా తన కీళ్లు నొచ్చినవని మొఱపెట్టువాడు. భవభూతి మాత్రము తన మూడు నాటకములలోను విదూషకుని రానీయలేదు. ఆ మహాకవి కరుణరసమునకు వాడు అడ్డమని తలచెనేమో! మా తోలుబొమ్మలవారు ఆ కరుణలోనికే కేతిగాని తోలుదురు. కేరళదేశపు కూడియాట్టములో నాయకుడు సంస్కృత శ్లోకము చదువగా, విదూషకుడు మలయాళములో దాని సంగతి జనమునకు విప్పి చెప్పి వెక్కిరించును. మన కూచిపూడి భామాకలాపములో సూత్రధారుడు పెద్దగా వేషము మార్చకయే సత్యభామ చెంత మాధవి యగును, ఆమె గర్వమును మాటలతో గీకి గీకి చూపించును. బుఱ్ఱకథలో హాస్యపు వంత తెలియనివానివలె ప్రశ్నలు వేసి, కథకునిచేత మనకు కావలసినది చెప్పించును. షేక్ నాజరు గారి బుఱ్ఱకథ విన్నవారికి ఆ వంతల విలువ వేఱుగ చెప్పనక్కఱలేదు. ఇంగ్లండులో గ్రిమాల్డి అను గొప్ప హాస్యనటుడు ఉండెను. గంతులు వేసి వేసి కీళ్లు అరిగి, 1828లో తన వీడ్కోలు ప్రదర్శనమున నిలువలేక కుర్చీలో కూర్చుండి ఆడెను. నవ్వించుటలోని శ్రమ అట్టిది. కేతిగాని కీళ్లు ఊడిన దారముతో కట్టుకొనవచ్చును. వాని వెనుక నిలుచున్న మనిషి కీళ్ల సంగతి ఎవరును అడుగరు.

ఇక మా తప్పు చెప్పుకొనవలెను.

మేము ఉపాధ్యాయ వృత్తిలో చేరిన తొలి సంవత్సరము. పాఠశాల గది కప్పునకు డబ్బు కావలెను. వేసవిలో తోలుబొమ్మలవారు వచ్చిరి. వారిచేత పాఠశాల ఆవరణములో రామాయణము ఆడించి, చదివింపులలో సగము కప్పునకు తీసికొందమని మా ఆలోచన. వయసు చిన్నది, చదివిన చదువు నెత్తిమీద నిలువుగా నుండెను. జట్టు పెద్దను పిలిచి మేము చెప్పితిమి: "ఆట పిల్లల యెదుట జరుగును. కేతిగాని పచ్చి మాటలు మాకు వద్దు. అసలు వాడే వద్దు. రామకథ మాత్రము చాలును." ఆ ముసలివాడు మమ్ము కొంతసేపు చూచి, "సరే సామీ" అనెను.

పచ్చి మాటలని మేము అన్నది అబద్ధము కాదు. కేతిగాని నోరు మంచిది కాదు. నడిరేయి దాటిన తరువాత వాడు పలుకు మాటలు ఈ రేడియోలో చెప్పదగినవి కావు. కాని మా భయము పిల్లలను గుఱించియే కాదని ఇప్పుడు తెలియుచున్నది. క్రొత్తగా వచ్చిన పంతులుమీద వాడు ఏమి పలుకునో అను భయము కూడ అందులో కలదు.

ఆట ఆరంభమైనది. పాట బాగుండెను. సీతాకల్యాణము అయినది. బొమ్మలు మార్చుటకు తెర ఖాళీ అయినది. తెల్లగుడ్డ, వెనుక దీపము, ఏమియు లేదు. జనము ఎదురుచూచిరి. ఇప్పుడు వచ్చును, ఇప్పుడు వచ్చును అని పిల్లలు ముందునకు జరిగిరి. ఎవడును రాలేదు. అడవికి పోవుట అయినది, మరల తెల్లగుడ్డ. మా వెనుక ఒక రైతు, "సినిమాలో రీలు తెగినట్లుండాదే" అనెను. చంటిపిల్లలు ఏడ్చుటకు మొదలుపెట్టిరి. వారిని పేరు పెట్టి పిలుచువాడు లేడు. ఆడువారు చాపలు చుట్టుకొనిరి. సీతాపహరణము నాటికి ఆవరణములో ఇరువదిమంది లేరు. జటాయువు రెక్కలు తెగి పడినప్పుడు కంట తడిపెట్టిన వారు ఎవరును మాకు కనబడలేదు. అంతవఱకు నవ్వనివారు ఏడ్వను లేకపోయిరి. చదివింపులు కప్పునకు కాదు గదా, నూనెకు చాలలేదు.

తెల్లవారి మేము ఆయన దగ్గఱకు పోయితిమి. ఆయన కోపగించుకొనలేదు. బుట్టలోనుండి కేతిగానిని తీసి మా చేతిలో పెట్టెను. ఎంత తేలిక! రాముని బొమ్మపైన రంగు ఇంకను నిగనిగలాడుచుండగా కేతిగాడు చేతిజిడ్డుతో నల్లబడి, అంచులు అరిగి, మూడుచోట్ల కుట్లు పడియుండెను.

"వీన్ని తీసేస్తే ఆటలో మీరెవరూ ఉండరు సామీ," అని ఆయన చెప్పెను. "రాముడు మీ ఊరోడా? రావణుడు మీ ఊరోడా? ఊరోడు వీడొక్కడే. వీడు లేంది ఊరోళ్లు ఎవరికోసం కూసుంటారు?"

మేము మా పక్షమున ఒక మాట అంటిమి. ఒక ఊరిలో కేతిగాడు కుంటివాడైన ఒక నేతగాని పలికిన మాటకు అందఱు నవ్వగా, అతడు లేచి చీకటిలో నడచిపోవుట మేము చూచితిమి. అది కూడ కళయేనా అని అడిగితిమి. ఆయన తల వంచుకొని, "అది మావోడు చేసిన తప్పు" అనెను. కొంత ఆగి, "మాకు మా నాయన చెప్పిండేది ఒకటుంది. మాటతో ఒకరిని కొట్టేముందు కేతిగాడు నాలుగు దెబ్బలు తినల్ల. తినకుండా కొడితే అది ఆట గాదు, తగాదా. కొట్టేదుంటే కుర్చీలో కూసున్నోన్ని కొట్టల్ల. కింద కూసున్నోన్ని కొట్టగూడదు" అనెను.

నాట్యశాస్త్రమున హాస్యము ఆత్మస్థమనియు పరస్థమనియు రెండు తెఱగులని చదివితిమి. తాను నవ్వుట, పరుల నవ్వించుట అని అర్థము చెప్పుకొంటిమి. తాను దెబ్బ తినుట, పరులను కొట్టుట అను వరుస అందులో మాకు కనబడలేదు. చీపురు పట్టుకొన్న బంగారక్క ఎందుకు ఉన్నదో, వాని వెనువెంట ఎందుకు వచ్చునో ఆనాడు తెలిసినది. కేతిగాడు నోరు తెఱచుటకు హక్కును దెబ్బలతో కొనుక్కొనును. సంతెకూడ్లూరులో చీర కట్టినవాడు దేవునికి ఎదురుగా నడచును; వానికి మనము కనబడము. ఆటలో చీర కట్టిన భీముడు ముసుగు సందునుండి మనవంక చూచును. ఆ చూపుతోనే మనము ఆటలోనికి పోవుదుము, నవ్వును అక్కడనే పుట్టును. ఇది మా ఊహ. శాస్త్రజ్ఞులు తప్పు పట్టవచ్చును.

ఇప్పుడు ఆ జట్లు మా ఊళ్లకు అరుదుగా వచ్చుచున్నవి. బొమ్మలు చేయు చేతులు దీపపు గుమ్మటములు చేయుచున్నవి. దేవుళ్లు, చెట్లు, నెమళ్లు వానిమీద చక్కగా వెలుగుచున్నవి. ఆ పని వారికి అన్నము పెట్టుచున్నది. దానిని నిందించుట తగదు. దీపపు గుమ్మటముమీద కేతిగానిని మాత్రము మేము ఎచ్చటను చూడలేదు. వానిని ఇంట వ్రేలాడదీసికొనుటకు ధైర్యము కావలెను. ఇటు చూచువారును తక్కువైరి. పంటలు చేతికి రాని ఏట ఆదవాని, కోసిగి, ఎమ్మిగనూరు ప్రాంతపు పల్లెలవారు కుటుంబములతో గుంటూరువైపు మిరపకోతకు, పత్తితీతకు పోవుదురు. సుగ్గికి పోవుట అని దానికి మా వాడుక. ఇంటికి తాళము, అరుగుమీద ముసలివారు. ఆ ఊరిలో సాయంకాలము తిరిగి ఎవరి అల్లుడు అలిగినాడో తెలిసికొనుటకు ఎవరిని అడుగవలెను?

అయినను హాస్యగాడు అంత సులభముగా చచ్చువాడు కాడు. దేహమే లేని రేడియోలోనికి సైతము దూరినాడు. హైదరాబాదు కేంద్రపు గ్రామీణ కార్యక్రమములో చిన్నక్క, ఏకాంబరములు ఎరువులను గుఱించి మాట్లాడుచు ఎన్ని యిండ్లను నవ్వించిరో పెద్దలకు జ్ఞాపకముండును. వారి ముఖములు ఎట్లుండునో చాలమంది శ్రోతలు ఎఱుగరు. అయినను చిన్నక్క కసరినచో ఏకాంబరము ఎట్లు ముడుచుకొనునో ప్రతి యింట కనబడెను. ఎమ్మిగనూరు నీలకంఠేశ్వరస్వామి జాతరకు పోయిన ఒక యేట, మిఠాయి అంగళ్ల నడుమ ఒక పగటివేషగాడు సెల్‌ఫోను చెవికి పెట్టుకొని నారదునివలె వైకుంఠముతో మాట్లాడుచు సాగుట చూచితిమి. "సిగ్నలు లేదు స్వామీ, మీరే దిగి రండి" అనుచుండెను. అందఱు నవ్విరి. కొందఱు పది రూపాయలు వేసిరి. ఆ వేషగాని రంగు చెమటకు కారుచుండెను.

మా ఆట చెడిన మఱుసటి వేసవి సంగతి ఒక్కటి మిగిలినది. ఆ జట్టే మరల వచ్చినది. ఈ మాఱు ఊరివారు పిలిచిరి, రచ్చబండ దగ్గఱ తెర కట్టించిరి. మేము మా తల్లిగారిని వెంటబెట్టుకొని పోయితిమి. ఆమె ఆడువారిలో చాపమీద కూర్చుండెను. మాకు పంతులని గౌరవించి ముందువరుసలో కుర్చీ వేసిరి. వినాయకుడు వచ్చెను, పోయెను. తెర ఖాళీ అయినది. అప్పుడు తెరమీద ఒక మూలనుండి కేతిగాని తల మాత్రము మెల్లగా బయటికి వచ్చినది.

"బంగారీ! సారు వచ్చినాడా?"

"వచ్చినాడు. ముందర కుర్చీ ఏసుకొని కూసున్నాడు."

"అట్లయితే నేను రానమ్మా. నన్ను చూస్తే పిల్లోళ్లు చెడిపోతారంట."

"పిల్లోళ్లు ఎప్పుడో చెడిపోయినారు గానీ, నువ్వు రా."

"సారో?"

"సారు నీకోసమే పోయినేటినుంచి మేలుకొనుండాడు."

ఊరంతయు మావైపు తిరిగినది. ఆ నవ్వు దూరమునుండి వచ్చు వానవలె వెనుకవరుసనుండి ముందునకు వచ్చెను. తిరిగి చూడగా మా తల్లిగారు కొంగు నోట కుక్కుకొని నవ్వుచుండిరి. బంగారక్క చీపురుతో కేతిగాని నెత్తిన రెండు మొట్టెను. మేము లేచి, కుర్చీ మడిచి ప్రక్కన పెట్టి, పిల్లల నడుమ చాపమీద కూర్చుంటిమి.

"ఇంగ వస్తా!" అని కేతిగాడు తెర నడుమకు దుమికెను.